రాశి దగ్గర ఇంకొక కొనుగోలుదారు: వేలం సిద్ధాంతం, సీమ మార్కెట్లు

కర్నూలు మార్కెట్ యార్డులో ఉల్లి ధర పడిపోయిన ప్రతిసారీ చర్చ ఇంచుమించు ఒకే దారిన నడుస్తుంది. బహిరంగ వేలం మంచిదా, ఈ-నామ్ అనే జాతీయ ఆన్‌లైన్ వ్యవసాయ మార్కెట్‌లో ఒకరికి తెలియకుండా ఒకరు ధర వేయడం మంచిదా, అసలు యార్డుకే పోకుండా పొలం దగ్గరే బేరం కుదుర్చుకోవడం మేలా అని అడుగుతారు. ఆదోని పత్తి విషయంలోనూ, అనంతపురం చీనీ (బత్తాయి), కడప పసుపు విషయంలోనూ ఇదే ప్రశ్న వేరే మాటల్లో వస్తూ ఉంటుంది. అమ్మే పద్ధతి మారితే ధర మారుతుందన్న నమ్మకం వీటన్నిటికీ అడుగున ఉంది. వేలాలు, ధరల నిర్ణయం, బేరసారాల సిద్ధాంతం మీద దశాబ్దాలుగా పనిచేసిన స్టాన్‌ఫర్డ్ ఆర్థికవేత్త జెరెమీ బ్యూలో, ఆక్స్‌ఫర్డ్‌కు చెందిన పాల్ క్లెంపరర్‌తో కలిసి 1996లో ప్రచురించిన ఒక వ్యాసం ఈ నమ్మకాన్నే తూకం వేసి చూసింది. అమ్మేవాడు ఎంత నేర్పుగా బేరమాడినా, ఎంత తెలివైన నిబంధనలు పెట్టినా వచ్చే లాభం కన్నా, నిజంగా కొనగల మనిషి ఇంకొక్కడు పోటీకి వస్తే వచ్చే లాభమే ఎక్కువని ఆ వ్యాసం గణితంతో నిరూపించింది.

ఈ ఫలితం బరువు తెలియాలంటే దానికి ముందు జరిగిన పని కొంత చెప్పుకోవాలి. 1961లో ఆర్థికవేత్త విలియం విక్రీ, కొన్ని షరతులు నెరవేరినప్పుడు బహిరంగ వేలమైనా సీల్డ్ టెండరైనా అమ్మకందారుకు సగటున ఒకే రాబడి ఇస్తాయని చూపాడు. కొనేవారిలో ఎవరి విలువ వారికి తెలిసి ఉండాలి, ఒకరి విలువకు మరొకరి విలువతో సంబంధం ఉండకూడదు, అందరూ ఒకే స్థాయి వారై ఉండాలి, నష్టభయంతో వెనక్కి తగ్గేవారు కాకూడదు అన్నవి ఆ షరతులు. 1981లో రోజర్ మైయర్సన్ ఆ లెక్కను సాధారణ రూపానికి తెచ్చి, అమ్మేవాడికి అన్నిటికన్నా ఎక్కువ రాబడినిచ్చే వేలం ఎలా ఉంటుందో తేల్చాడు. మామూలు పరిస్థితుల్లో దాని రూపం చాలా సాదాగానే ఉంటుంది: సరిగ్గా లెక్కగట్టిన ఒక కనీస ధర, ఆ పైన మామూలు వేలం. విక్రీకి 1996లో, మైయర్సన్‌కు 2007లో నోబెల్ బహుమతి వచ్చింది. మైయర్సన్ గణితం చాలామందికి కొరుకుడు పడలేదు. 1989లో బ్యూలో, జాన్ రాబర్ట్స్ కలిసి, ఆ గణితం వెనక ఉన్నది డిగ్రీ విద్యార్థులు చదివే గుత్తాధిపత్య ధర నిర్ణయ సూత్రమేనని, ఉపాంత రాబడి, అంటే ఇంకొక్కటి అమ్మితే అదనంగా వచ్చే రాబడి, అన్న పాత భావనతోనే దాన్నంతా చెప్పవచ్చని విప్పి చూపారు. 1996 నాటి ఫలితానికి దారి వేసింది ఆ వ్యాసమే.

అనంతపురం మార్కెట్‌కు వచ్చిన ఒక లాట్ చీనీ కాయలను తీసుకుని ఈ ఫలితాన్ని అంకెల్లో చూద్దాం. అంకెలు లెక్క కోసం ఊహించినవే. టన్ను 20,000 రూపాయలకు ఎవరైనా తీసుకుంటారు కాబట్టి అది అడుగు ధర. ఒక్కొక్క వ్యాపారికి ఆ లాట్ విలువ 20,000కూ 44,000కూ మధ్య ఎక్కడైనా సమాన అవకాశంతో ఉండవచ్చు. ఎవరి విలువ ఎంతో రైతుకూ తెలియదు, తోటి వ్యాపారికీ తెలియదు. వ్యాపారి ఒక్కడే ఉంటే రైతు చేయగలిగిన అత్యుత్తమ పని 32,000 అని చెప్పి గట్టిగా నిలబడటం. సగం సార్లు అమ్ముడవుతుంది, సగం సార్లు అడుగు ధరకు వేరెవరికైనా ఇవ్వాల్సి వస్తుంది; సగటున చేతికొచ్చేది 26,000. ఇద్దరు వ్యాపారులుండి, కనీస ధర ఏమీ పెట్టకుండా పాట పెడితే సగటు ధర 28,000. అంటే ఒక్కడితో అన్నిటికన్నా నేర్పుగా ఆడిన బేరం కన్నా ఇద్దరి మధ్య ఏ నేర్పూ లేని వేలం మెరుగైంది. ఆ ఇద్దరి వేలానికే మైయర్సన్ చెప్పిన ఉత్తమ కనీస ధర, అంటే 32,000, పెడితే సగటు 30,000కు పెరుగుతుంది. కనీస ధర లేకుండానే మూడో వ్యాపారి వచ్చి నిలబడితే 32,000 అవుతుంది. నాలుగోవాడు వస్తే 34,400.

పై లెక్కలో పైకి కనిపించని విషయం ఒకటుంది. ఇద్దరి వేలంలో కనీస ధర పెట్టి 2,000 అదనంగా సంపాదించాలంటే రైతుకు రెండు కావాలి. వ్యాపారుల విలువలు ఏ హద్దుల మధ్య ఉంటాయో ముందే తెలియాలి. 32,000 రాకపోతే ఆ లాట్‌ను నిజంగానే వాళ్లకు ఇవ్వకుండా వెనక్కి తీసుకోగలగాలి. కోసిన చీనీని మళ్లీ లారీకెత్తి ఇంటికి తీసుకుపోయే రైతు ఎక్కడా లేడు, ఆ సంగతి వ్యాపారికి బాగా తెలుసు. మాట మీద నిలబడలేని కనీస ధర ధరే కాదు. మూడో వ్యాపారి రావడానికి మాత్రం రైతుకు ఈ తెలివీ అక్కర్లేదు, ఈ తెగువా అక్కర్లేదు. బ్యూలో–క్లెంపరర్ ఫలితంలోని అసలు బలం నా దృష్టిలో ఇక్కడే ఉంది: అది బలహీనుడైన అమ్మకందారుకు అందుబాటులో ఉన్న సూత్రం.

తోట దగ్గర జరిగే బేరాన్ని కూడా వీరిద్దరే 2009లో మరో వ్యాసంలో పరిశీలించారు. కొనేవాళ్లంతా ఒకేసారి వచ్చి పోటీపడే వేలాన్ని, ఒకరి తర్వాత ఒకరు వచ్చి ధర చెప్పే పద్ధతితో పోల్చారు. రెండో పద్ధతిలో సమాజం మొత్తానికి వృథా తక్కువ, ఎందుకంటే గెలిచే ఆశ లేనివాడు ప్రయాణ ఖర్చులు పెట్టుకుని రాడు. అయినా అమ్మేవాడికి సాధారణంగా వేలమే లాభమని తేలింది. మొదట వచ్చినవాడు ఉన్నట్టుండి కాస్త పెద్ద ధర చెప్పి, తర్వాత రావలసినవాళ్లకు రావాలన్న ఆసక్తి లేకుండా చేస్తాడు. ఆ ధర చూడటానికి ఆకర్షణీయంగానే ఉన్నా, అందరూ వచ్చి ఉంటే పలికే ధర కన్నా సగటున తక్కువ. అనంతపురం, పులివెందుల ప్రాంతాల్లో కాయ చెట్టు మీద ఉండగానే అడ్వాన్సు చేతిలో పెట్టి, సాయంత్రంలోగా మాట తేల్చమనే వ్యాపారి చేసే పని సరిగ్గా ఇదే. అతడు మోసగాడు కానక్కర్లేదు. తన తర్వాత ఇంకొకరు రాకుండా ఉండటమే అతడికి కావలసింది.

ఈ సిద్ధాంతం పెట్టుకున్న షరతులను యార్డు గేటు దగ్గర వదిలేసి లోపలికి పోకూడదు. వచ్చిన కొత్త కొనుగోలుదారు మిగతావారితో సమానమైనవాడు, వారితో కుమ్మక్కు కానివాడు అయి ఉండాలి. పాటకు ముందే మాట్లాడుకున్న ముగ్గురు వ్యాపారులు లెక్కకు ఒక్కరే. రైతులు సిండికేట్ అనేది దీన్నే. క్లెంపరర్ 2002లో రాసిన ప్రసిద్ధ వ్యాసంలో, వేలం రూపకల్పనలో సూక్ష్మమైన గణితం కన్నా రెండు మోటు విషయాలే ముఖ్యమని వాదించాడు: పోటీకి మనుషులు రావడం, వచ్చినవాళ్లు కుమ్మక్కు కాకపోవడం. బహిరంగ పాటలో ఒప్పందం తప్పి పై ధర పలికినవాడు అక్కడికక్కడే అందరికీ తెలిసిపోతాడు, మరుసటి లాట్‌లోనే వాడికి శిక్ష పడుతుంది. కాబట్టి ఒప్పందం నిలుస్తుంది. రహస్యంగా ధర రాసే పద్ధతిలో ఒప్పందం తప్పడం తేలిక, పైగా చిన్న వ్యాపారికి కూడా అదృష్టం కలిసివస్తుందేమోనన్న ఆశ ఉంటుంది కాబట్టి అతడూ వస్తాడు. ఈ-నామ్ పద్ధతికి అనుకూలంగా సిద్ధాంతం చెప్పగల గట్టి మాట ఇదే.

వేలానికి ఎందరొస్తారన్నది ఎంత తేడా తెస్తుందో 2000 సంవత్సరంలో ఐరోపాలో జరిగిన త్రీజీ వేలాలు చూపాయి. బ్రిటన్‌లో అప్పటికి నాలుగు మొబైల్ కంపెనీలుండగా ఐదు లైసెన్సులు వేలానికి పెట్టారు. ఒకటి తప్పకుండా కొత్తవారికి దక్కుతుంది కాబట్టి మొత్తం 13 సంస్థలు పోటీకి దిగాయి, 2,250 కోట్ల పౌండ్లు వచ్చాయి. ఆ వేలం రూపకల్పనలో ముఖ్య సలహాదారుల్లో క్లెంపరర్ ఒకడు. అదే ఏడాది జూలైలో నెదర్లాండ్స్ ఇంచుమించు అదే తరహా వేలం పెట్టింది. అయితే అక్కడ పాత కంపెనీలు ఐదు, లైసెన్సులూ ఐదే. బయటివాళ్లకు గెలిచే ఆశ కనిపించలేదు, చివరికి నిలిచిన ఆరో పోటీదారు బలహీనమైన సంస్థ. సుమారు వెయ్యి కోట్ల యూరోలు వస్తాయని అక్కడి ప్రభుత్వం ఎదురుచూస్తే మూడు వందల కోట్లు కూడా రాలేదు. స్విట్జర్లాండ్‌లో నాలుగు లైసెన్సులకు తొమ్మిది సంస్థలు ఆసక్తి చూపి, వేలం మొదలయ్యే నాటికి నాలుగే మిగిలాయి. కనీస ధరకే అమ్ముడుపోయాయి. తలసరి లెక్కన బ్రిటన్‌కు 650 యూరోలు వస్తే నెదర్లాండ్స్‌కు 170, స్విట్జర్లాండ్‌కు 20. మూడుచోట్లా అమ్మిన సరుకు ఒకటే, పద్ధతీ దాదాపు ఒకటే.

మనుషులు వచ్చారు, కుమ్మక్కు కూడా లేదు అనుకుందాం. అప్పుడైనా ధర రావాలని లేదు, ఎందుకంటే వచ్చినవాడికి తాను కొంటున్నది ఏమిటో తెలియాలి. యార్డులో పోసిన వేరుశనగ రాశి దగ్గర వ్యాపారి చేసే పని గమనిస్తే ఇది అర్థమవుతుంది. పైన ఉన్న కాయలను పక్కకు తోసి, మోచేతి దాకా చెయ్యి లోపలికి పోనిచ్చి అడుగు నుంచి ఒక గుప్పెడు తీస్తాడు. చెవి దగ్గర ఆడించి గింజ ఎంత ఆరిందో వింటాడు. నాలుగు కాయలు చిదిమి, ముడుతలు పడిన గింజలను వేరుచేసి, ఒక గింజను కొరికి చూస్తాడు. మిల్లుకు వెళ్లాక ఎంత గింజ దిగుతుంది, ఎంత నూనె వస్తుంది అన్నదే అతడు వెతికే సమాచారం. ఆ అంకె వ్యాపారులందరికీ ఒకటే, ఒక్కొక్కరి అంచనా మాత్రం వేరు. ఇలాంటి సరుకులో అందరికన్నా ఎక్కువ పలికినవాడు అందరికన్నా ఎక్కువ పొరబడినవాడయ్యే ప్రమాదం ఉంది. అట్లాంటిక్ రిచ్‌ఫీల్డ్ కంపెనీ ఇంజనీర్లు ముగ్గురు 1971లో చమురు క్షేత్రాల వేలాల గురించి రాస్తూ దీన్ని ఎత్తి చూపారు. దీనికి విజేత శాపమన్న పేరు స్థిరపడింది.  

శాపం గురించి తెలిసిన వ్యాపారి తన అంచనా నుంచి కొంత తగ్గించుకుని పాట పాడతాడు. అనుమానం ఎంత ఎక్కువైతే తగ్గింపు అంత ఎక్కువ. 2020లో నోబెల్ అందుకున్న రాబర్ట్ విల్సన్, పాల్ మిల్‌గ్రమ్‌లు ఈ విభాగాన్ని నిర్మించినవారు. మిల్‌గ్రమ్, రాబర్ట్ వెబర్ 1982లో చూపిన ప్రకారం, అమ్మేవాడు సరుకు గురించి తనకు తెలిసిన నిజాన్ని, మంచైనా చెడైనా, ముందే బయటపెట్టే విధానం పాటిస్తే సగటు ధర పెరుగుతుంది. తేమ శాతం, గింజ శాతం కొలిచి లాట్ మీద రాసే నాణ్యత పరీక్ష విలువ ఇదే. ఈ-నామ్ 2016 ఏప్రిల్ 14న మొదలైనప్పుడు ఇచ్చిన మాట ఏమిటంటే ఎక్కడో ఉన్న వ్యాపారి కూడా కర్నూలు లాట్‌కు ధర వేయవచ్చునని. రాశిలో చెయ్యి పెట్టి చూడలేని ఆ దూరపు వ్యాపారికి పరీక్షా ఫలితమే దిక్కు. పరీక్ష తూతూమంత్రంగా సాగే చోట అతడు పేరుకే పోటీదారు.

బ్యూలో, క్లెంపరర్ 2002లో తమ ఫలితానికి తామే ఒక హద్దు గీశారు. అందరికీ విలువ ఇంచుమించు ఒకటే అయిన సరుకులో ఒక కొనుగోలుదారుకు ఏ కొంచెం అదనపు సౌకర్యం ఉన్నా, మిగతావారు అతడికి భయపడి తగ్గిపోతారు. కొన్ని సందర్భాల్లో మనుషులు పెరిగితే ధర తగ్గను కూడా తగ్గవచ్చు. యార్డు పక్కనే సొంత నూనె మిల్లు ఉన్న వ్యాపారిని ఊహించుకుంటే విషయం తెలుస్తుంది. రవాణా ఖర్చు లేదు కాబట్టి మంచి సరుకును అతడు వదలడని అందరికీ తెలుసు. అతడు వదిలేసిన లాట్ తమకు దక్కిందంటే అందులో ఏదో లోపం ఉన్నట్టేనని మిగతావారు అనుకుంటారు, ముందుజాగ్రత్తగా తక్కువే పాడతారు. అది తెలిసిన మిల్లు యజమాని కూడా తక్కువకే కొంటాడు. ఇక్కడ కావలసింది ఇంకో నలుగురు చిల్లర వ్యాపారులు కాదు, రెండో మిల్లు.

కొనేవాడు ఒక్కడే మిగిలినప్పుడు వేలం సిద్ధాంతం ఆగిపోయి బేరసారాల సిద్ధాంతం మొదలవుతుంది. ఏరియల్ రూబిన్‌స్టైన్ 1982లో రాసిన నమూనాలో ఇద్దరు మనుషులు ఒకరి తర్వాత ఒకరు ధర చెప్పుకుంటారు. ఆలస్యమయ్యే కొద్దీ ఇద్దరికీ నష్టం. ఎవరికి ఆలస్యం ఎక్కువ నష్టమో వారికి తక్కువ వాటా దక్కుతుంది, ఇద్దరి వాటాలూ వారి వారి తొందరలకు తలకిందుల నిష్పత్తిలో ఉంటాయి. కర్నూలు జిల్లాలో ఖరీఫ్ ఉల్లి ఆగస్టు, సెప్టెంబరు నెలల్లో వానల మధ్యనే చేతికొస్తుంది, తడిసిన గడ్డ నిలవ ఉండదు. ఒక రోజు ఆలస్యానికి రైతుకు సరుకు విలువలో పది శాతం పోతుందని, వ్యాపారికి ఒక శాతమే నష్టమని అనుకుందాం. క్వింటాలుకు 600 కన్నా తక్కువైతే రైతు అమ్మడు, 1,700 దాకా వ్యాపారి ఇవ్వగలడు అనుకుంటే, మధ్యనున్న 1,100లో రైతుకు దక్కేది సుమారు వంద, మిగిలిన వెయ్యి వ్యాపారిది. ధర 700 దగ్గర తెగుతుంది. ఈ ఫలితంలో వ్యాపారి దుర్మార్గం ఏమీ లేదు, గడ్డ కుళ్లే వేగం ఉంది. కర్నూలు ఉల్లి రైతులు లారీ బాడుగ భరించి తాడేపల్లిగూడెం దాకా సరుకు తోలుకుపోయేది కూడా ఇక్కడి బేరంలో చిక్కుకోకుండా ఉండటానికే.

బేరంలో తొందరతో పాటు అజ్ఞానం కూడా చేరితే ఏమవుతుందో జొన్నగిరి, తుగ్గలి, మద్దికెర ప్రాంతాల వజ్రాల వేట చూపుతుంది. తొలకరి పడగానే పొలాల్లో రాళ్లు ఏరడానికి చుట్టుపక్కల జిల్లాల నుంచి జనం వస్తారు. దొరికిన రాయి వజ్రమో కాదో, ఎన్ని క్యారెట్లో, లోపల చార ఉందో లేదో దొరికినవాడికి తెలియదు. వ్యాపారికి ఒక్క చూపులో తెలుస్తుంది. నలుగురికీ తెలిస్తే పంచాయితీ అవుతుందేమో, అధికారులు వస్తారేమో అన్న భయం దొరికినవాడిని తొందరపెడుతుంది. కొంత నగదు, కొన్ని తులాల బంగారం ఇచ్చి కొన్నారన్న వార్తలు ఏటా జూన్ నెలలో వస్తుంటాయి. మైయర్సన్, మార్క్ సాటర్‌త్‌వెయిట్ 1983లో నిరూపించిన ప్రకారం, ఇద్దరూ తమ విలువను దాచుకున్న బేరంలో, బయటినుంచి ఎవరూ డబ్బు పెట్టకపోతే, కుదరవలసిన ప్రతి బేరమూ కుదిరేలా చేయగల పద్ధతి ఏదీ లేదు. ఎంత తెలివైన మధ్యవర్తి వచ్చినా కొన్ని మంచి బేరాలు చెడిపోక తప్పదు. జొన్నగిరిలో చెడిపోయే బేరాల కన్నా, చెల్లాల్సిన దాంట్లో చిన్న ముక్కకే కుదిరిపోయే బేరాలే బహుశా ఎక్కువ. రాయి పట్టుకుని ఒక్క వ్యాపారి ఇంటికి పోయేవాడు, ఇద్దరు ముగ్గురిని పిలిచి విడివిడిగా ధర రాయించుకోగలిగితే, వజ్రం గురించి ఒక్క ముక్క తెలియకుండానే ఆ తెలిసినవాళ్ల జ్ఞానంలో వాటా పొందుతాడు.

ప్రభుత్వం రంగంలోకి దిగినప్పుడు దాన్ని కనీస ధరగా చూడటం అలవాటు. సరిగా చూస్తే అది ఇంకొక కొనుగోలుదారు, అదీ ముందే తన ధర చెప్పేసిన కొనుగోలుదారు. 2025లో కర్నూలు ఉల్లిని క్వింటాలుకు 1,200 రూపాయల చొప్పున ప్రభుత్వం కొన్నప్పుడు జరిగింది ఇదే. రైతు చేతిలో ప్రత్యామ్నాయం ఉండటం వల్ల పైన చెప్పిన 700 రూపాయల బేరం నిలవదు. అయితే 1,700 ఇవ్వగల వ్యాపారి 1,200కు ఒక్క రూపాయి కలిపితే చాలు. ప్రభుత్వం అంతకు పైన పోటీ పడదు. అందుకే ఇలాంటి కొనుగోలు ధర పతనాన్ని ఆపగలదు గాని ధరను పైకి తీసుకుపోలేదు. పత్తి విషయంలో కేంద్ర ప్రభుత్వ సంస్థ కాటన్ కార్పొరేషన్ 2025-26లో పొడవు పింజ రకాన్ని క్వింటాలుకు 8,110 రూపాయల మద్దతు ధరకు కొనాల్సి ఉండింది. తేమ ఎనిమిది శాతం ఉంటే పూర్తి ధర, పన్నెండు దాకా కోతతో కొంటారు, అది దాటితే కొనరు. పదిహేను శాతం తేమతో ఆదోని యార్డుకు పత్తి తెచ్చిన రైతుకు ఆ కొనుగోలుదారు లేనట్టే, యార్డులో కేంద్రం తెరిచి ఉన్నా సరే. ఆ రైతుకు అవసరమైనది ఆరబెట్టుకునే చోటు, నాలుగు రోజుల వ్యవధి.

పోటీదారుల సంఖ్య తగ్గడానికి అన్నిటికన్నా పెద్ద కారణం, వేలం పద్ధతితో ఏ సంబంధమూ లేనిది. విత్తనానికీ, ఎరువుకూ కమీషన్ ఏజెంటు దగ్గర అప్పు తీసుకున్న రైతు పంటను ఆ మండీకే తేవాలి. సరుకు మార్కెట్‌కు రాకముందే కొనేవాళ్ల సంఖ్య ఒకటికి తగ్గిపోయింది. ఆ తర్వాత గంట కొట్టి పాట పెట్టినా, కంప్యూటర్‌లో ధర వేసినా జరిగేది లాంఛనమే. పద్ధతుల మీద జరిగే వాదనలో ఈ అప్పు ప్రస్తావన చాలా అరుదుగా వస్తుంది. యార్డు సంస్కరణ అంటే కొత్త యాప్ అనుకునే ధోరణికి ఇదొక లోటు. పంట రుణం బ్యాంకు నుంచి వేళకు అందడం, వేలం రూపకల్పనకు చెందిన విషయమే.

ఇవన్నీ కొలవదగిన విషయాలు. మార్కెట్ యార్డుల నుంచి రోజూ కేంద్ర ప్రభుత్వ ధరల వెబ్‌సైట్ అగ్‌మార్క్‌నెట్‌కు చేరే పట్టికలో వచ్చిన సరుకు, కనిష్ఠ ధర, గరిష్ఠ ధర, ఎక్కువ సరుకు పలికిన ధర ఉంటాయి. ఒక్కో లాట్‌కు ఎందరు ధర వేశారన్నది అందులో ఉండదు. ఈ-నామ్‌లో అమ్మిన ప్రతి లాట్‌కూ పడిన ధరలు కంప్యూటర్‌లో నమోదవుతాయి కాబట్టి ఆ అంకె యార్డు దగ్గర ఇప్పటికే ఉంది. ధరల పక్కన ఇంకొక గడి చేర్చి దాన్ని కూడా ప్రకటిస్తే, ఆదోనిలో ఏ వారం ధర పత్తి బాగాలేక పడిందో, ఏ వారం కొనేవాళ్లు రాక పడిందో విడదీసి చెప్పడం సాధ్యమవుతుంది.